జముకు మీద వొట్సెక్

జర్మన్ రచయిత ఒకరు పూర్తిచేయకుండానే వెళ్లిపోయిన ఓ పేద సిపాయి కథ బెర్లిన్‌లో ఒపెరాగా వేదికెక్కింది, దక్షిణాఫ్రికాలో బొమ్మలాట అయింది. దాన్ని పాడగల గొంతులు, ఆడగల ఒళ్లు తూర్పు కనుమల్లో ఎప్పటినుంచో ఉన్నాయి.

1922లో వియన్నా సంగీతకర్త ఆల్బన్ బెర్గ్ తన మొదటి ఒపెరా రాయడం ముగించాడు. దాని పేరు ‘వొట్సెక్’. ఆ ఏడాదే ఆగస్టు 22న అల్లూరి సీతారామరాజు దళం చింతపల్లి పోలీస్ స్టేషన్ మీద పడింది. మర్నాడు కృష్ణదేవిపేట, ఆ మర్నాడు రాజవొమ్మంగి. బెర్గ్‌కు చింతపల్లి తెలియదు, చింతపల్లికి బెర్గ్ తెలియదు. అయినా ఈ రెండు సంగతుల్నీ నేను పక్కపక్కనే పెట్టి చదువుకుంటాను. గూడెం డిప్యూటీ తహసిల్దారు బాస్టియన్ కొండవాళ్ల చేత రోడ్లు వేయించి, కూలి సరిగా ఇవ్వకుండా ఏడిపించిన సంగతి మన్యం చరిత్రలో ఉంది. బెర్గ్ ఒపెరాలో తెర లేవగానే కనిపించేది కూడా అలాంటి దొరే. ఓ కెప్టెన్ కుర్చీలో కూర్చుని ఉంటాడు. సిపాయి వొట్సెక్ అతనికి గడ్డం గీస్తుంటాడు. గుడిలో పెళ్లి కాకుండానే బిడ్డను కన్నావు, నీకు నీతి లేదని కెప్టెన్ బోధిస్తాడు. డబ్బున్నవాడికే నీతి కుదురుతుందని సిపాయి జవాబు చెబుతాడు. కత్తి అతని చేతిలోనే ఉంది. కెప్టెన్ మెడ ఆ కత్తి కిందే ఉంది. ఆ గదిలో అధికారం మాత్రం మెడ వైపే ఉంది.

ఒపెరా అంటే మొదటినుంచి చివరిదాకా పాటతో నడిచే నాటకం. యక్షగానమూ భాగోతమూ ఎరిగినవాళ్లకు కొత్త సంగతి కాదు. మూడు వందల ఏళ్లకు పైగా యూరప్ ఒపెరాలో దేవతలు, రాజులు, దొరసానులు పాడారు. పేదవాళ్లూ అడపాదడపా రాకపోలేదు. కానీ జీతం చాలని ఓ సిపాయి మనసు ముక్కలయ్యే తీరునే సంగీతంగా మార్చి, వాద్యబృందాన్నంతటినీ అతని తలలోకి పంపించింది ‘వొట్సెక్’. ఈ ఒపెరాను ఉత్తరాంధ్రలో తెలుగులో ఆడాలి. ఎందుకో చెప్పడానికే ఇదంతా రాస్తున్నాను.

పూర్తికాని నాటకం

మూలకథ బెర్గ్‌ది కాదు. గియోర్గ్ బ్యూష్నర్‌ది. 1813లో పుట్టి 1837లో, ఇంకా ఇరవై నాలుగు నిండకుండానే, జూరిక్‌లో టైఫస్ జ్వరంతో పోయాడు. అంత చిన్న వయసులోనే వైద్యశాస్త్రం చదివాడు, నాటకాలు రాశాడు, రహస్యంగా ఓ కరపత్రమూ రాశాడు. 1834 నాటి ఆ కరపత్రం హెస్సె ప్రాంతపు రైతుల కోసం. సర్కారు వాళ్ల దగ్గర ఎంత పన్ను గుంజుతోందో, ఆ సొమ్ము ఎవరి భోగానికి పోతోందో లెక్కలు కట్టి చూపించాడు. పోలీసులు వెంటపడితే దేశం విడిచి పారిపోయాడు. ఆ లెక్కలు రాసిన చేయే సిపాయి నాటకం కూడా రాసిందన్నది మరచిపోకూడదు.

ఆ నాటకానికి ఆధారం ఓ నిజమైన నేరం. జర్మనీలోని లైప్సిగ్‌లో యోహాన్ క్రిస్టియాన్ వోయ్‌ట్సెక్ అనే మాజీ సిపాయి 1821లో తనతో ఉన్న స్త్రీని పొడిచి చంపాడు. అతనికి మతి స్థిమితం ఉందా లేదా అని డాక్టర్లు పరీక్షించారు. ఉందని తేల్చారు. 1824 ఆగస్టులో ఊరి నడిబొడ్డున తల నరికారు. వైద్య పత్రికల్లోకెక్కిన ఆ పరీక్షల నివేదికల్ని బ్యూష్నర్ మరోలా చదివాడు. డాక్టరు అతన్ని చూసిన తీరు సరే, అతనికి ఈ లోకం ఎలా కనిపించి ఉంటుందన్నది తన ప్రశ్న చేసుకున్నాడు. నాటకంలో సిపాయి నాలుగు డబ్బుల కోసం ఓ డాక్టరుకు ఒళ్లు అమ్ముకుంటాడు. ప్రయోగం పేరుతో ఆ డాక్టరు అతనికి బఠాణీలు తప్ప ఇంకేమీ పెట్టడు. మనిషి మతి చలిస్తుంటే డాక్టరు సంబరపడి జీతం పెంచుతానంటాడు.

నాటకం పూర్తికాలేదు. రాతప్రతుల్లో దృశ్యాలు చెల్లాచెదురుగా మిగిలాయి, సిరా వెలిసిపోయింది. దాదాపు నలభై ఏళ్ల తర్వాత కార్ల్ ఎమిల్ ఫ్రాన్జోస్ అనే రచయిత రసాయనాలు పూసి అక్షరాలు తేల్చి, అచ్చు వేయించాడు. ఆ చదవడంలోనే వోయ్‌ట్సెక్ కాస్తా వొట్సెక్ అయ్యాడు. రంగస్థలం ఎక్కడానికి 1913 దాకా ఆగాల్సి వచ్చింది. మరుసటేడు వియన్నాలో బెర్గ్ ఆ నాటకం చూశాడు. చూసిన క్షణం నుంచే దీన్ని ఒపెరా చేయాలని పట్టుబట్టాడు. ఇంతలో మొదటి ప్రపంచ యుద్ధం. బెర్గ్ స్వయంగా ఆస్ట్రియా సైన్యంలో చేరి, పై అధికారుల కింద నలిగాడు. ఈ పాత్రలో తన అంశ కొంత ఉందని ఆ రోజుల్లోనే భార్యకు ఉత్తరం రాశాడు.

ఒకే ఒక్క స్వరం

నాటకాన్ని ఒపెరాగా మలిచే పని బెర్గ్ మరో కవికి అప్పజెప్పలేదు. బ్యూష్నర్ మాటల్ని దాదాపు అలాగే ఉంచి, దృశ్యాల్లో పదిహేను ఏరుకుని, అంకానికి అయిదు చొప్పున మూడంకాలు చేశాడు. మొత్తం ఆట గంటన్నరకు కాస్త అటూ ఇటూ. 1925 డిసెంబరు 14న బెర్లిన్ ప్రభుత్వ ఒపెరాలో ఎరిక్ క్లైబర్ నిర్వహణలో మొదటి ప్రదర్శన జరిగింది. నాజీలు వచ్చాక జర్మనీలో దాన్ని ఆడనివ్వలేదు. పేదవాడి పిచ్చిని ఇంత శ్రద్ధగా వినిపించే కళ వాళ్లకు రుచించలేదు.

దీన్ని ఎక్స్‌ప్రెషనిస్టు ఒపెరా అంటారు. బయట కనిపించే లోకాన్ని ఉన్నదున్నట్టు చూపడం దాని పని కాదు. భయపడ్డవాడికి లోకం ఎలా కనిపిస్తుందో అలా చూపడం దాని పని. పొలంలో కర్రలు కొడుతున్న వొట్సెక్‌కు సూర్యాస్తమయం భూమికి నిప్పంటుకున్నట్టు కనిపిస్తుంది, కాళ్ల కింద నేల డొల్లగా వినిపిస్తుంది. పక్కనే ఉన్న స్నేహితుడికి ఇవేమీ తెలియవు, అతను వేటపాట పాడుకుంటుంటాడు. వాద్యబృందం మాత్రం వొట్సెక్ పక్షాన ఉంటుంది, అతను విన్నదే మనకూ వినిపిస్తుంది.

ఇది మన పాఠకులకు కొత్తేమీ కాదు. ‘వొట్సెక్’ ముగిసిన 1922లోనే పుట్టిన రాచకొండ విశ్వనాథశాస్త్రి (రావిశాస్త్రి) 1953లో ‘అల్పజీవి’ నవల వెలువరించాడు. అందులో విశాఖ వీధుల్లో తిరిగే సుబ్బయ్యకు ఎదురైన ప్రతి మనిషీ తనను వెక్కిరిస్తున్నట్టే ఉంటుంది. ఆ భయాన్ని రావిశాస్త్రి లోపలి నుంచి రాశాడు. సుబ్బయ్యకు వాద్యబృందం లేదు. ఉంటే అది బెర్గ్ వాద్యబృందానికి చుట్టమై ఉండేదని నా నమ్మకం.

ఈ పిచ్చి అంతటి కిందా బెర్గ్ కట్టిన కట్టడం మహా గట్టిది. డాక్టరు దృశ్యానికి 12 స్వరాల ఒకే వరుస ఆధారం. అది 21 సార్లు వేషం మార్చుకుని తిరిగి తిరిగి వస్తుంది. ఒకే ఆలోచన పట్టుకుని వేలాడే మనిషికి అంతకన్నా తగిన సంగీతం ఏముంటుంది? రెండో అంకం మొత్తం ఓ సింఫనీ. మూడో అంకంలో ఒక్కో దృశ్యానికి ఒక్కో పునాది. ఒకదానికి ఒక లయ, ఒకదానికి ఆరు స్వరాల గుచ్ఛం. ఇక హత్య జరిగే దృశ్యానికి ఒకే ఒక్క స్వరం. కొలను గట్టున వొట్సెక్, అతని బిడ్డ తల్లి మేరీ. చందమామ ఎర్రగా లేస్తుంది. ఆ స్వరం ఓసారి అడుగున, ఓసారి పైన, ఓసారి వినీ వినబడనట్టు దృశ్యమంతా పాకుతూనే ఉంటుంది. హత్య అయ్యాక వాద్యబృందమంతా ఆ ఒక్క స్వరాన్నే పట్టుకుని చిన్నగా మొదలుపెట్టి చెవులు బద్దలయ్యేదాకా పెంచుతుంది. ఆ చోట నాకు ప్రతిసారీ ఊపిరి ఆడదు.

మరొక్క విశేషం. బెర్గ్ పాత్రలు కొన్నిచోట్ల పాడవు, అలాగని మాట్లాడవు. ఆ రెంటి మధ్య ఓ చోట నిలబడి, మాటను రాగం అంచుల దాకా తీసుకెళ్లి వదిలేస్తాయి. ఈ పద్ధతిని బెర్గ్ తన గురువు షోయెన్‌బర్గ్ దగ్గర నేర్చుకున్నాడు. యూరప్ దాన్ని ఆధునికం అంది. మన కథకులు మాత్రం తరాలుగా తెల్లవార్లూ చేస్తున్న పని అదే.

భాగోతం చేతులు మారింది

శ్రీకాకుళం, విజయనగరం వైపు జముకుల కథ ఉంది. జముకు ఓ చిన్న వాద్యం. డొల్లకు ఒక వైపు తోలు బిగించి ఉంటుంది, తోలు మధ్యలోంచి ఓ తీగ వస్తుంది. తీగను లాగి మీటితే శబ్దం పైకి పోతుంది, వదులు చేస్తే కిందికి జారుతుంది. అది ఒకే స్వరాన్ని సాగదీయగలదు, మూలిగించగలదు, ఉన్నట్టుండి కోయగలదు. కథకుడు కథ చెబుతుంటే వంతలు అందుకుంటారు. మాట ఎక్కడ ఆగి పాట ఎక్కడ మొదలైందో తెలియదు. ఎల్లమ్మ కథ, అంకమ్మ కథ ఇలాగే బతికాయి.

ఈ జముకును 1960ల్లో ఓ పూజారి అందుకున్నాడు. బొడ్డపాడు గుడిలో అర్చకుడిగా ఉన్న సుబ్బారావు పాణిగ్రాహి దళం కట్టి, దేవతల కథలు చెప్పే ఆ రూపంలో రైతుకూలీల కథ చెప్పాడు. 1967 అక్టోబరు 31న లేవిడి దగ్గర కోరన్న, మంగన్న అనే ఇద్దరు గిరిజనుల్ని కాల్చి చంపారు. ఆ తర్వాత శ్రీకాకుళ ఉద్యమం కొండలంతా పాకింది. జముకుల కథ ఆ గాలితోపాటు ఊరూరా తిరిగింది. 1969 డిసెంబరులో రంగమటియా కొండల్లో పాణిగ్రాహి పోలీసుల చేతిలో చనిపోయాడు. ఆ రాజకీయాలతో ఏకీభవించేవారు ఉంటారు, విభేదించేవారు ఉంటారు. కళ వైపు నుంచి చూస్తే జరిగింది పెద్ద మార్పు. రూపం తరాల నాటిది, బాణీ జనం నోళ్లలో నానినది, కథలోకి వచ్చినవాడు మాత్రం అప్పటిదాకా అరుగు కింద నిలబడి విన్నవాడు. పేద సిపాయి నాటకాన్ని రాజుల ఒపెరాలోకి తెచ్చిన బెర్గ్ చేసిందీ ఇదే. తేడా ఏమిటంటే పాణిగ్రాహి ఆ పని తాను నమ్మిన జనం నడుమ నిలబడి చేశాడు, దానికి ప్రాణం చెల్లించాడు.

పాణిగ్రాహి తర్వాత ఆ దారిలో ఎక్కువ దూరం నడిచినవాడు వంగపండు ప్రసాదరావు. 1943లో పార్వతీపురం దగ్గర పెదబొండపల్లిలో పుట్టి, విశాఖ షిప్‌యార్డులో పనిచేశాడు. వందల పాటలు కట్టాడు. ఉత్తరాంధ్ర ఊళ్ల మాటను దిద్దకుండా, ఇస్త్రీ చేయకుండా పాటలోకి తెచ్చాడు. ఆయన ‘భూమి భాగోతం’ నృత్యరూపకం పేరులోనే దాని ధైర్యం ఉంది. ఉత్తరాంధ్రలో భాగోతం అంటే సత్యభామ. తూర్పు భాగవతంలో మద్దెలగాళ్లు నిలబడి, ఒళ్లంతా ఊపి వాయిస్తారు. జడ ముందుకు వేసుకుని భామ వచ్చేసరికి ఊరు ఊరంతా నిద్ర మానుకుంటుంది. సత్యభామ అలకల స్థానంలో వంగపండు భూమిని కూర్చోబెట్టాడు. అది ఎవరిది, ఎవరు దున్నారు, ఎవరు కాజేశారు అని గజ్జె కట్టి అడిగాడు. బ్యూష్నర్ కరపత్రంలో రాసిన పన్నుల లెక్కకు, వంగపండు గజ్జె కట్టి అడిగిన లెక్కకు నడుమ నూటముప్పై ఏళ్లకు పైగా తేడా ఉండవచ్చు. అడిగిన ప్రశ్న ఒకటే. 2020 ఆగస్టు 4న వంగపండు పార్వతీపురంలో కన్నుమూశాడు.

రేడియోలో కృష్ణశాస్త్రి, బాలాంత్రపు రజనీకాంతరావు వంటివారు నడిపిన సంగీత రూపకాల సంప్రదాయమూ మనకుంది. అది సుకుమారమైన సొగసు. వొట్సెక్ కథకు మాత్రం పాణిగ్రాహి, వంగపండుల గరుకే సరిపోతుందని నా అభిప్రాయం.

ఒంట్లోకి దిగే ఆట

అరకు పేరు చెప్పగానే దింసా గుర్తొస్తుంది. ఆడవాళ్లు వెనక నుంచి చేతులు పెనవేసి, వరుసగా, పాములా మెలికలు తిరుగుతూ అడుగులు వేస్తారు. మోరి ఊదుతారు, కిరిడి, తుడుము, డప్పు మోగుతాయి, జోడుకొమ్ములు పలుకుతాయి. చైత్రమాసపు ఇటుకల పండుగలోనూ, పెళ్లిళ్లలోనూ పోర్జా, కోదు, భగత, వాల్మీకి, కొండదొర, కోటియా ఊళ్లన్నీ ఆడతాయి. పర్యాటకులు చూసే దింసా ఒకటే, దాని రకాలు మాత్రం చాలా. ఆకులేరే పోతర్‌తోలా ఉంది, పులి నుంచి తప్పించుకునే బాగ్ దింసా ఉంది, భుజాలతో తోసుకునే కుండ దింసా ఉంది. బాయా దింసా ఉంది. ఊరి దేవత పూనిన గణాచారి ఆడే ఆట అది. లోపలికి వచ్చినదేదో ఒంటిని వశం చేసుకుంటుంది. ఊరు అతన్ని వెర్రివాడని తరిమేయదు. అతని చుట్టూ చేరి తనూ ఆడుతుంది.

ఈ తేడా దగ్గర నేను చాలాసేపు ఆగిపోతాను. వొట్సెక్‌కూ గొంతులు వినిపిస్తాయి, మంటలు కనిపిస్తాయి. కానీ అతని చుట్టూ చేరేవాళ్లు లేరు. కెప్టెన్ నవ్వుతాడు, డాక్టరు రాసుకుంటాడు, స్నేహితుడు బెదిరి తప్పుకుంటాడు. ఒంట్లోకి దిగినదాన్ని పదిమందీ కలిసి మోసే ఆచారం ఉన్న కొండల్లో ఈ కథను ఆడితే, అతని ఒంటరితనం యూరప్‌లో కన్నా పదింతలు కనపడుతుంది. బాయా దింసా అడుగు పడాలి, వలయం ఏర్పడాలి, అతను చెయ్యి చాపేసరికి ఆ వలయం విడిపోవాలి. అది చూపించడానికి మాట కూడా అక్కర్లేదు.

ఇక్కడో జాగ్రత్త. అరకు రిసార్టుల్లో సాయంకాలాలు దింసా ఆడించడం మామూలైంది. దానివల్ల నాలుగు డబ్బులు వచ్చే కుటుంబాలున్నాయి, వాళ్లను తప్పుపట్టను. కానీ ఋతువు నుంచీ పండగ నుంచీ ఊడబెరికిన అడుగు త్వరగా అలంకారమైపోతుంది. మన ఒపెరా కూడా నాలుగు గిరిజన చీరలు కట్టించి, ఒక పాట మధ్యలో దింసా ఇరికిస్తే అదే పాపం చేసినట్టవుతుంది. ఆడేవాళ్లే ఆట కట్టడంలో ఉండాలి. ఏ అడుగు వేదిక మీదికి రావచ్చో, ఏది దేవతకే విడిచిపెట్టాలో నిర్ణయం వాళ్లది.

మేరీకి ప్రవేశ దరువు

వోయ్‌ట్సెక్ కథను తమ నేలకు తెచ్చుకున్నవాళ్లు లోకంలో ఉన్నారు. దక్షిణాఫ్రికా చిత్రకారుడు విలియం కెంట్రిడ్జ్ 1992లో హ్యాండ్‌స్ప్రింగ్ బొమ్మలాట బృందంతో కలిసి ఈ కథను జొహానెస్‌బర్గ్‌కు మార్చాడు. జర్మన్ సిపాయి అక్కడ ఊరొదిలి వచ్చిన నల్లజాతి వలస కూలీ అయ్యాడు. బొగ్గుతో గీసి, చెరిపి, మళ్లీ గీసిన బొమ్మల చిత్రాలు అతని తలలోని లోకంగా వెనక తెరమీద కదిలాయి. పాతికేళ్ల తర్వాత 2017లో కెంట్రిడ్జే జాల్స్‌బుర్గ్ ఉత్సవంలో బెర్గ్ ఒపెరాకు దర్శకత్వం వహించాడు. సొంత నేల మీద నుంచి మూలానికి వెళ్లే దారి కూడా ఉందన్నమాట.

మన వొట్సెక్‌ను నేనైతే 1960ల్లో కొత్తవలస–కిరండూల్ రైలుమార్గం పనుల్లో చూస్తాను. బైలాడిల్లా ఇనుప ఖనిజాన్ని విశాఖ రేవుకు, అక్కడినుంచి జపాన్‌కు పంపడానికి కొండల కడుపులు తొలిచిన మార్గం అది. ఈ రోజు అరకు రైల్లో వెళ్లే పిల్లలు సొరంగం రాగానే కేకలు పెడతారు. ఆ సొరంగాలు తొలిచిన కూలీకి నేల డొల్లగా వినిపించడంలో వింతేముంది? కెప్టెన్ అక్కడ మేస్త్రీ పైన కాంట్రాక్టరు. డాక్టరు క్యాంపు డాక్టరు. బెర్గ్‌లో డప్పుల దండుకు నాయకుడైన డ్రమ్ మేజర్, కూలీ గుడిసెలో ఉన్న మేరీ కంటికి నిగనిగలాడుతూ కనిపించే ఏ జీపు సూపర్‌వైజరో కావచ్చు. కెప్టెన్‌నూ డాక్టరునూ జముకుల కథలో వంతలకు అప్పగించాలి. కథకుడి మాటను పట్టుకుని ఎగతాళి చేసే హక్కు వంతలకు ఎప్పటినుంచో ఉంది. అది ఇక్కడ అధికారం నవ్వే నవ్వు అవుతుంది.

బెర్గ్ మీద నాకున్న గౌరవం తగ్గకుండానే ఒకచోట మాత్రం అతన్ని దాటాలంటాను. వొట్సెక్ దుఃఖం ఎంత నిజమైనా, కత్తి దిగింది మేరీ గొంతులో. అణగారినవాడు తన ఇంట్లో తనకన్నా అణగారినదాన్ని చంపాడు. ఒపెరా ముగిసేసరికి జాలంతా అతనికే పోతుందేమోనన్న భయం నాకుంది. మేరీకి జోలపాట ఇచ్చాడు బెర్గ్, బైబిలు ముందు ఏడ్చే గొప్ప దృశ్యమూ ఇచ్చాడు. భాగోతం ఇంకా ఎక్కువ ఇవ్వగలదు. భాగోతంలో స్త్రీ వేదిక మీదికి వచ్చీరాగానే తానెవరో తానే చెప్పుకుంటుంది. సత్యభామకు ప్రవేశ దరువు ఉన్నట్టే మేరీకి ఓ ప్రవేశ దరువు కావాలి. ఆమె ఏ ఊరిది, ఎవరి కూతురు, డ్రమ్ మేజర్ ఇచ్చిన చెవిపోగులంటే ఎందుకంత ఆశ, ఆకలికీ ఆశకూ మధ్య ఆమె ఎక్కడ నిలబడిందో పది నిమిషాలు మద్దెల మీద పాడాలి. అప్పుడు కొలను గట్టున వినిపించే ఆ ఒక్క స్వరం ఇద్దరిదీ అవుతుంది.

ఆ స్వరాన్ని జముకుకే ఇవ్వాలి. ఒక్క జముకుతో మొదలై, రెండై, పదై, చివరికి తుడుములూ కొమ్ములూ అందుకోవాలి. బెర్గ్ రాసిన స్వరలిపిని ఇక్కడ వాయించడానికి పెద్ద వాద్యబృందం కావాలి, అది మనకు లేదు. కానీ బెర్గ్ ఆలోచన మనకు అందుతుంది. దృశ్యానికి ఒక పునాది, భయానికి ఒక లయ, అంకానికి ఒక కట్టు. దాన్ని మన వాద్యాల మీద కొత్తగా కట్టుకోవచ్చు.

హక్కుల అడ్డంకి మన దేశంలో లేదు. బ్యూష్నర్ మాట అటుంచి, 1935లో చనిపోయిన బెర్గ్ రచనలకూ ఇక్కడ కాపీరైటు గడువు తీరిపోయింది. ఆంధ్ర విశ్వవిద్యాలయంలో రంగస్థల కళల శాఖ ఉంది. శ్రీకాకుళం జిల్లాలో జముకు పట్టగల చేతులు, విజయనగరం ఊళ్లలో మద్దెలగాళ్లు ఉన్నారు. అరకు, పాడేరు చుట్టూ ఆదివాసీ ఒడియాలో, కువిలో, తెలుగులో ఒకే పూటలో మాట్లాడే యువతరం ఉంది. వేదిక మీద ఆ భాషలన్నీ వినపడాలి. వొట్సెక్, మేరీ, వాళ్ల బిడ్డ ఒక భాషలో, కాంట్రాక్టరు మరో భాషలో మాట్లాడితే ఆ దూరం వేరే చెప్పనక్కర్లేదు. ముందుగా దొరకవలసింది ఒక కవి. జర్మన్ మూలాన్ని దగ్గర పెట్టుకుని, వంగపండు నోటిమాట చెవిలో పెట్టుకుని, దృశ్యానికో దరువు చొప్పున పదిహేను రాయగల కవి. మొదట మేరీ దరువు రాసి, దాన్ని పార్వతీపురంలోనో అరకులోనో ఓ మద్దెలగాడికి వినిపించి, అతను ఎక్కడ తల ఊపాడో, ఎక్కడ ఆపమన్నాడో చూసుకుని తర్వాతి దృశ్యానికి వెళ్లాలి.